కరణం గారి భోషాణం తెరిపించిన ఆర్డినెన్సు

గ్రామాధికారం ఒక ఇంటి ఆస్తి కాదన్న ఎన్.టి.ఆర్. నిర్ణయం
తెనాలి తాలూకా వ్యాజ్యం నుంచి నేటి దాకా

తెనాలి (మా విలేకరి): అడంగల్ నకలు కావాలంటే కరణం గారి అరుగు ముందు నిలబడి, ఆయన భోజనం ముగించి వక్కపలుకు వేసుకుని బయటికి వచ్చేదాకా ఎదురుచూసిన రోజులు అరవై దాటిన రైతులకు ఇంకా జ్ఞాపకమే. ఆ రోజులకు చట్టం చుక్క పెట్టిన తేదీ 1984 జనవరి 6. ఆనాడు శ్రీ ఎన్.టి. రామారావు ప్రభుత్వం ఒక ఆర్డినెన్సు తెచ్చి, ఆంధ్ర ప్రాంతంలో మునసబు, కరణం పోస్టులను, తెలంగాణాలో పటేల్, పట్వారీ పోస్టులను రాష్ట్రమంతటా ఒక్కసారిగా రద్దు చేసింది. వేలాది గ్రామాధికారులు తెల్లవారేసరికి మాజీలయ్యారు. తరతరాలుగా ఒక ఇంట్లో ఉన్న కవిలె కట్టలు సర్కారు చేతికి వచ్చాయి.

ఈ నిర్ణయం మంచిదా చెడ్డదా అన్న వాదన నేటికీ రచ్చబండల వద్ద వినిపిస్తూనే ఉంటుంది. అయితే ఈ కథలో మన ఉమ్మడి గుంటూరు జిల్లాకు ఎంత పాత్ర ఉన్నదో ఈ తరం వారిలో చాలామందికి తెలియదు. గ్రామాధికారం వంశ హక్కు కాదని దేశపు అత్యున్నత న్యాయస్థానం మొదటిసారి తేల్చి చెప్పింది తెనాలి తాలూకాలోని ఒక చిన్న గ్రామం తగాదా మీదనే. ఆ పోస్టులను రద్దు చేసిన ముఖ్యమంత్రి తొలి సర్కారు కొలువు చేసింది ఈ జిల్లాలోనే.

ఊరికి ఇద్దరు దొరలు

మునసబు, కరణం అంటే ఏమిటో నేటి పిల్లలకు చెబితే తప్ప తెలియదు. మునసబు శిస్తు వసూలు చేసేవాడు. జనన మరణాలు రాసేవాడు. ఊళ్లో దొంగతనం జరిగినా, కొట్లాట జరిగినా పోలీసులకు కబురు పంపేది ఆయనే. చిన్న చిన్న సివిల్ తగాదాలు వినే అధికారం కూడా చట్టం ఆయనకు ఇచ్చింది. కరణం లెక్కల మనిషి. ఏ సర్వే నంబరులో ఎంత విస్తీర్ణం, ఎవరి పట్టా, ఎవరి సాగు, ఏ పైరు, ఎంత శిస్తు అన్నది ఆయన రాసిందే రాత. అడంగల్, చిట్టా, గ్రామ పటం ఆయన ఇంట్లోనే ఉండేవి. ఏటా తాలూకా కచేరీలో జమాబందీ జరిగేటప్పుడు ఆ లెక్కల మూట తలారి నెత్తిన పెట్టించుకుని కరణం గారు బయలుదేరితే, ఊరి తలరాత యావత్తు ఆ మూటలో వెళుతున్నట్టే ఉండేది.

కాగితం మీద వీరివి చిన్న ఉద్యోగాలు. ప్రభుత్వ లెక్కలో వీరు పార్ట్ టైం ఉద్యోగులు మాత్రమే. ఒకప్పుడు ఇనాం భూములు, కళ్లాల వద్ద వచ్చే మేరలే వీరి జీతం. ఆ తర్వాత ఇచ్చిన జీతమూ సంసారం గడిచేంతది కాదు. కాని చేతిలో ఉన్న పవరు మాత్రం కలెక్టరుకు కూడా లేనంతటిది. కలెక్టరు ఊరికి ఏడాదికొకసారి వస్తే గొప్ప. కరణం గారు రోజూ ఊళ్లోనే ఉంటారు.

సహకార సంఘంలో అప్పు కావాలంటే అడంగల్ నకలు కావాలి. బంజరు భూమికి పట్టా కావాలంటే కరణం రిపోర్టు కావాలి. వరద వచ్చి పైరు పోయినప్పుడు శిస్తు మాఫీ జాబితాలో పేరు ఎక్కాలంటే ఆయన కలం కదలాలి. కౌలుదారు పేరు సాగు కాలంలో రాస్తారా, రాయరా అన్నది ఆయన ఇష్టం. ఈ పనులేవీ దానం కావు. అన్నీ రైతుకు చట్టం ఇచ్చిన హక్కులే. కాని ఆ హక్కు ఒక మనిషి అరుగు మీదుగా రావలసి వచ్చినప్పుడు, అది దయగా మారిపోతుంది. దయ పొందినవాడు రుణపడి ఉంటాడు. ఆ రుణం ఎన్నికల నాడు తీర్చవలసి ఉంటుంది. మునసబు గారి వాకిట్లో కుర్చీలు వేసిన పార్టీయే ఊళ్లో పార్టీ అన్న మాట ఊరికే పుట్టలేదు.

తండ్రి తరవాత కొడుకు

మరి ఈ పోస్టులలోకి ఎవరిని తీసుకునేవారు? దీనికి 1895 నాటి మద్రాసు వంశపారంపర్య గ్రామోద్యోగాల చట్టం జవాబు చెప్పింది. చట్టం పేరులోనే విషయం ఉంది. తండ్రి పోతే కొడుకు, ఆ వరస లేకపోతే దగ్గరి వారసుడు. వారసుడు మైనరైతే అతని పేరు రిజిస్టరులో నమోదు చేసి, అతను ఎదిగి అర్హత సంపాదించేదాకా మరొకరి చేత పని చేయించేవారు. అంటే ఊరి అధికారి ఎవరన్నది ఒక్కోసారి ఊయలలోనే నిర్ణయమైపోయేదన్నమాట. రెండు గ్రామాలను కలిపినా, ఒక గ్రామాన్ని విడదీసినా కొత్త పోస్టు పాత గ్రామాధికారుల కుటుంబాలకే చెందాలని ఆ చట్టంలోని 6వ సెక్షన్ చెప్పింది.

స్వాతంత్ర్యం వచ్చింది. రాజ్యాంగం వచ్చింది. సర్కారు ఉద్యోగాలలో మతం, జాతి, కులం, లింగం, వంశం, పుట్టిన చోటు, నివాసం అన్న కారణాలతో ఎవరినీ కాదనరాదని రాజ్యాంగంలోని 16వ అధికరణం చెప్పింది. అయినా ఊళ్లో మాత్రం తండ్రి తరవాత కొడుకు పద్ధతే సాగింది.

తెనాలి తాలూకా నుంచి ఢిల్లీ దాకా

ఆ పద్ధతిని కోర్టుకు ఈడ్చింది మన తాలూకావారే. గ్రామాల పునర్విభజనలో తెనాలి తాలూకాలో పెరవలిపాలెం అనే గ్రామం కొత్తగా ఏర్పడింది. దానికొక మునసబు కావలసి వచ్చాడు. దరఖాస్తులు వచ్చాయి. డివిజనల్ అధికారి ఒకరిని నియమించారు. పాత మునసబు కుటుంబానికి చెందిన వ్యక్తి జిల్లా కలెక్టరుకు అప్పీలు చేసుకున్నారు. కలెక్టరు ఆయనకే పోస్టు ఇచ్చారు. ఉద్యోగం పోయిన వ్యక్తి ఊరుకోలేదు. సరాసరి సుప్రీంకోర్టులో రిట్ వేశారు.

ప్రభుత్వం తరఫున వచ్చిన వాదన ఆసక్తికరమైనది. గ్రామాధికారం మామూలు సర్కారు ఉద్యోగం వంటిది కాదని, అది ఆచారంగా వస్తున్న కుటుంబ హక్కు అని, ఆస్తి వంటిదని వారన్నారు. 1960 డిసెంబరు 6న ఇచ్చిన తీర్పులో సుప్రీంకోర్టు ఈ వాదనను తోసిపుచ్చింది. మునసబు పోస్టు ప్రభుత్వం కింద ఉద్యోగమేనని, ఫలానా ఇంట్లో పుట్టాడన్న ఒక్క కారణంతో ఒకరికి ఇచ్చి మరొకరిని కాదనడం రాజ్యాంగ విరుద్ధమని స్పష్టం చేసింది. 6వ సెక్షన్‌లోని ఆ భాగం చెల్లదన్నది.

ఒక పల్లెటూరి మునసబు పోస్టు కోసం వేసిన దావా దేశానికంతటికీ మార్గం చూపిన తీర్పుగా మారింది. ఈనాటికీ న్యాయ కళాశాలల్లో విద్యార్థులు ఈ కేసు చదువుతున్నారు. ఇది మన ప్రాంతానికి గర్వకారణం.

అయితే తీర్పు వేరు, ఊరు వేరు. వంశ హక్కు చట్టంలో పోయినా ఉన్నవారు ఉన్నట్టే ఉన్నారు. కొత్త నియామకాలలోనూ లెక్కల మర్మం తెలిసిన ఇల్లు, కచేరీలో మాట చెల్లే ఇల్లు ముందుండటం సహజమైపోయింది. తీర్పు వచ్చిన తరవాత 23 ఏళ్లు గడిచినా చాలా గ్రామాలలో అధికారం అవే నాలుగు గోడల మధ్య తిరుగుతూ ఉండిపోయింది. ఈ కాలమంతా రాష్ట్రంలో ఒకే పార్టీ ప్రభుత్వాలు ఉన్నాయి. ముఖ్యమంత్రులు మారారు గాని ఈ తేనెతుట్టెను కదిపే సాహసం ఎవరూ చేయలేదు. కారణం తెలియనిది కాదు. ఊరూరా పార్టీకి చేయూత ఇచ్చే మనుషులను వదులుకోవడానికి ఏ పార్టీ సిద్ధపడుతుంది?

మూడు వారాల సబ్ రిజిస్ట్రారు

శ్రీ రామారావు కృష్ణా జిల్లా నిమ్మకూరులో 1923 మే 28న రైతు కుటుంబంలో పుట్టారు. గుంటూరు ఆంధ్ర క్రైస్తవ కళాశాలలో డిగ్రీ చదివారు. మద్రాసు సర్వీసు కమిషన్ పరీక్ష నెగ్గి గుంటూరు జిల్లాలో సబ్ రిజిస్ట్రారుగా చేరారు. మూడు వారాలు తిరిగేసరికి ఆ కొలువుకు నమస్కారం పెట్టి సినిమాలకు వెళ్లిపోయారు. ఆఫీసులో చేతులు తడిపే పద్ధతి గిట్టకనే వదిలేశారని చెప్పుకుంటారు. సినిమాల మీద ఆయనకున్న మక్కువ కూడా అందుకు కారణం కాకపోలేదు. ఏది ఏమైనా, భూమి కాగితం చుట్టూ ఎన్ని చేతులు చేరతాయో ఆయన కొద్ది రోజులైనా బల్లకు అవతలి వైపు నుంచి చూశారన్నది నిజం.

1982 మార్చి 29న తెలుగుదేశం పార్టీ పెట్టారు. తొమ్మిది నెలలకు జరిగిన ఎన్నికలలో గెలిచి 1983 జనవరి 9న ముఖ్యమంత్రి అయ్యారు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన తరవాత అది తొలి కాంగ్రెసేతర ప్రభుత్వం. ఏడాది తిరగకముందే గ్రామాధికారుల మీద వేటు వేశారు. పార్ట్ టైం గ్రామాధికారుల వ్యవస్థ కాలం చెల్లినదని, నేటి గ్రామ పాలన అవసరాలకు పనికిరాదని ఆర్డినెన్సులో చెప్పారు. గవర్నరు శ్రీ రాంలాల్ సంతకంతో అది అమలులోకి వచ్చింది. 1984లో రాష్ట్రంలో వెలువడిన తొలి ఆర్డినెన్సు అదే.

ఈ దారిలో ముందు నడిచినవారు లేకపోలేదు. పక్కనున్న తమిళనాడులో 1980 నవంబరులో శ్రీ ఎం.జి. రామచంద్రన్ ప్రభుత్వం ఇటువంటి ఆర్డినెన్సే తెచ్చింది. సుప్రీంకోర్టు 1982లో దానిని సమర్థించింది. ఇద్దరూ సినిమా రంగం నుంచి వచ్చినవారే. ఊరి పెద్దల భుజాల మీదుగా గాక, నేరుగా ప్రజల వద్దకు వెళ్లి ఓటు అడిగినవారు. మధ్యలో ఉన్న మనిషికి రుణపడని నాయకుడు మాత్రమే ఆ మధ్య మనిషిని తీసివేయగలడని దీనిని బట్టి తెలుస్తున్నది.

సూత్రమా? రాజకీయమా?

ఇందులో రాజకీయం లేదా అని అడిగేవారున్నారు. ఉన్నది. మునసబులు, కరణాలు చిరకాలంగా కాంగ్రెసుకు కుడిభుజాలుగా ఉన్నారన్న అభిప్రాయం ఆనాడు బలంగా ఉండేది. వారిని తొలగిస్తే ప్రతిపక్షం ఊరూరా కాళ్లు విరిగినట్టవుతుందని కొత్త ప్రభుత్వం అనుకోలేదంటే నమ్మటం కష్టం.

కాని నాణానికి రెండో వైపు కూడా చూడాలి. అధికారంలోకి వచ్చిన పార్టీకి ఇంతకంటే సులువైన మార్గం ఒకటుంది. గ్రామాధికారులను తీసివేయకుండా తమ వైపు తిప్పుకోవడం. కలం చేతిలో ఉన్నవాడు ఎప్పుడూ అధికారం ఎటుంటే అటు మొగ్గుతాడు. రాని వారిని మార్చి తమ వారిని కూర్చోబెట్టుకోవచ్చు. అంతకు ముందూ ఆ తరవాతా ఎన్నో ప్రభుత్వాలు చేసింది అదే. శ్రీ రామారావు కుర్చీలో మనిషిని మార్చలేదు. కుర్చీనే తీసేశారు. మునసబులలో అత్యధికులు పలుకుబడి గల పెద్ద రైతు కుటుంబాలవారు. కొత్త పార్టీకి అండగా నిలిచిన వర్గాలలోనూ అటువంటి కుటుంబాలు లేకపోలేదు. ప్రతి ఊళ్లో రెండు మూడు గట్టి ఇళ్లను ఒకే రోజు దూరం చేసుకోవడం ఏ నాయకుడికైనా చిన్న విషయం కాదు. పార్టీకి లాభం ఉన్నంత మాత్రాన న్యాయమైన పని అన్యాయమైపోదు.

గ్రామాధికారులు పోరాడారు. కోర్టుకు వెళ్లారు. శాసనసభలో చట్టం చేయకుండా ఆర్డినెన్సు మీద ఆర్డినెన్సు తెస్తూ తమ పొట్ట కొట్టారని వాదించారు. వారి మాటలో కొంత నిజం ఉంది. గడువు తీరినప్పుడల్లా ప్రభుత్వం మళ్లీ ఆర్డినెన్సు జారీ చేస్తూ వచ్చింది. 1984 ఆగస్టులో శ్రీ రామారావును పదవి నుంచి దించడం, నెల రోజులకు ప్రజాందోళనతో ఆయన తిరిగి రావడం కూడా ఈ మధ్యలోనే జరిగాయి. చివరకు 1985లో సుప్రీంకోర్టు రద్దును సమర్థించింది. పోస్టు ఉంచాలా తీసివేయాలా అన్నది ప్రభుత్వ విధానమని, ఆర్డినెన్సు కూడా శాసనం వంటిదేనని, దాని వెనుక ఉద్దేశాలను కోర్టు తరచి చూడజాలదని తీర్పు చెప్పింది.

పోయినదంతా చెడ్డ కాదు

కరణాలందరూ దుర్మార్గులని రాయడం అన్యాయం. సుమతీ శతకం కాలం నుంచి కరణం మీద మాటలు పడుతూనే ఉన్నా, ఊరి చరిత్రను కాపాడింది కూడా ఆయన కవిలె కట్టలే. రెండు వందల ఏళ్ల కిందట మెకంజీ దొర కోసం ఊరూరా రాయించిన కైఫీయతులకు ఆధారం కరణాల వద్ద ఉన్న దండకవిళ్లే. నేడు మన గ్రామాల పాత చరిత్ర తెలుస్తున్నదంటే అది వారి పుణ్యమే. ఏ సర్వే రాయి ఎక్కడ ఉన్నదో, ఏ కాలువ కట్ట ఎవరి తాతల నాడు జరిగిందో నోటికి చెప్పగల కరణాలు ఉండేవారు. పైసా ఆశించకుండా పేదవాడికి కాగితం రాసి ఇచ్చినవారూ ఉండేవారు.

వారు పోయిన తరవాత కొంతకాలం గందరగోళం తప్పలేదు. లెక్కల భాష తెలిసినవారు కరువయ్యారు. పొలం హద్దు తెలియని కొత్తవారు చేతికి వచ్చింది రాశారు. అన్నిటికంటే బాధాకరం, ఆ చిన్న జీతం మీదనే బతికిన బీద కరణాల కుటుంబాల పరిస్థితి. చెట్టు కొట్టేటప్పుడు గూళ్లలో పిట్టలు కూడా పడిపోతాయి. ఆనాటి ప్రభుత్వం వీరి విషయమై ఇంకా కొంత జాలి చూపి ఉండవలసిందన్న అభిప్రాయం సమంజసమైనదే.

రద్దయిన పోస్టుల స్థానే వంశంతో నిమిత్తం లేకుండా గ్రామ సహాయకులు వచ్చారు. 1985లో తాలూకాలు, ఫిర్కాలు పోయి మండలాలు ఏర్పడ్డాయి. రోజంతా పోగొట్టుకుని తాలూకా కేంద్రానికి వెళ్లవలసిన రైతుకు కచేరీ దగ్గరకు వచ్చింది. 1990లో గ్రామ పరిపాలనాధికారులన్న పేరుతో మరో ఏర్పాటు జరిగింది. చదువు అర్హత ఉన్న పాత గ్రామాధికారులు కొందరికి అందులో చోటు దొరికింది. తరవాత పంచాయతీ కార్యదర్శులు, వి.ఆర్.ఓ.లు వచ్చారు. తెలంగాణాలో 2020లో వి.ఆర్.ఓ. పోస్టులను కూడా రద్దు చేశారు. పేరు ఎన్నిసార్లు మారినా, తండ్రి కుర్చీ కొడుకుది అన్న మాట మాత్రం మళ్లీ చట్టంలోకి రాలేదు. 1984 నిర్ణయం సాధించిన అసలు విజయం ఇదే. కూలివాని కొడుకు కూడా పరీక్ష రాసి ఊరి లెక్కల పుస్తకం చేతబట్టుకోవచ్చునన్నది ఆనాడు ఖాయమైంది.

తలుపు మూస్తే కిటికీ

మరి మధ్య మనిషి నిజంగా పోయాడా? ఈ ప్రశ్నకు అవునని చెప్పడానికి నోరు రాదు.

2014 తరవాత తెలుగుదేశం ప్రభుత్వమే ఊరూరా జన్మభూమి కమిటీలు వేసింది. పింఛను ఎవరికి, ఇల్లు ఎవరికి అన్న విషయంలో కమిటీ మాటకు విలువ వచ్చింది. కమిటీలలో పార్టీ వారే ఉన్నారని, తమ వారికే మేలు చేశారని విమర్శలు వచ్చాయి. 2019లో ఆ పార్టీ ఓటమికి ఇదొక కారణమని చెప్పినవారున్నారు. కుర్చీనే తీసేసిన నాయకుని పార్టీయే అటువంటి కుర్చీలు వేసిందన్న నింద మోయవలసి రావడం విచారకరం.

2019లో వచ్చిన వై.ఎస్.ఆర్. కాంగ్రెస్ ప్రభుత్వం కమిటీలను తీసివేసింది. గ్రామ సచివాలయాలు పెట్టింది. పరీక్షలు పెట్టి ఉద్యోగులను తీసుకుంది. ఇది మెచ్చదగిన పనే. కాని యాభై ఇళ్లకు ఒకరు చొప్పున నియమించిన వాలంటీర్ల విషయంలో మళ్లీ అదే విమర్శ వినవచ్చింది. గుమ్మం ముందుకు పింఛను వచ్చిందని ముసలివారు సంతోషించారు. నియామకాలలో పార్టీ ముద్ర ఉన్నదని ప్రత్యర్థులు దుయ్యబట్టారు. 2024 ఎన్నికల ముందు వాలంటీర్ల చేత పింఛన్లు పంచవద్దని ఎన్నికల సంఘం ఆదేశించవలసి వచ్చింది.

ఏ పార్టీది ఎక్కువ తప్పు అని తూచడం ఈ వ్యాసం పని కాదు. తేలుతున్నది ఒక్కటే. రైతుకు హక్కుగా రావలసినది ఎవరి చేతి మీదుగానైనా దయగా వచ్చేట్లయితే, ఆ చేయి కరణం గారిదైనా, కమిటీ సభ్యునిదైనా, మరొకరిదైనా ఫలితంలో తేడా లేదు. వంశం పోయి పార్టీ వస్తే రోగం పోలేదు, పేరు మారిందంతే.

కౌలు రైతు మాటేమిటి?

ఈ విషయంలో అందరికంటే వెనుకబడి ఉన్నది కౌలు రైతు. డెల్టా గ్రామాలలో భూమి ఒకరిది, సాగు ఒకరిది అన్నది అందరికీ తెలిసిందే. ఆనాడు కౌలుదారు పేరు అడంగల్‌లోకి ఎక్కాలంటే కరణం దయ కావాలి. 2011లో కౌలుదారులకు రుణ అర్హత కార్డులిచ్చే చట్టం వచ్చింది. 2019లో దాని స్థానే వచ్చిన చట్టం పదకొండు నెలల ఒప్పందంపై యజమాని సంతకం కావాలన్నది. సంతకం పెడితే భూమి ఎక్కడ చేజారుతుందోనని యజమానులు జంకారు. కార్డు అందని కౌలుదారు బ్యాంకు అప్పుకు, పంట నష్టపరిహారానికి దూరమయ్యాడు. కరణం అరుగు దిగినవాడు భూస్వామి గుమ్మం ఎక్కవలసి వచ్చింది. 1984లో మొదలైన పని ఇక్కడ సగంలోనే ఆగిందనక తప్పదు.

రైతులు చేయవలసినది

నేడు అడంగల్, 1-బి నకళ్లు మీ సేవ కేంద్రాలలో దొరుకుతున్నాయి. మీ భూమి ద్వారా ఇంటి వద్దనే చూసుకోవచ్చు. అయినా పొలం అమ్ముకునే రోజు వచ్చేదాకా, అప్పు అవసరం పడేదాకా తన కాగితం చూసుకోని రైతులు ఎందరో ఉన్నారు. ఏటా పైరు వేసిన తరవాత ఒకసారి అడంగల్ తీయించి పేరు, విస్తీర్ణం, పైరు సరిగా ఉన్నవో లేవో చూసుకోవాలి. తేడా ఉంటే తహశీల్దారుకు అర్జీ పెట్టి రసీదు తీసుకోవాలి. నోటి మాటగా చెప్పి రావడం వల్ల ప్రయోజనం లేదు.

జవాబు రాకపోతే 2005 సమాచార హక్కు చట్టం ఉంది. మన రాష్ట్రంలో గ్రామ స్థాయి ఆఫీసులకు పెట్టే దరఖాస్తుకు ఫీజు లేదు. మండల స్థాయిలో 5 రూపాయలు, జిల్లా స్థాయిలో 10 రూపాయలు. దారిద్ర్య రేఖకు దిగువన ఉన్నవారికి అదీ లేదు. 30 రోజులలోగా సమాధానం ఇవ్వాలి. లబ్ధిదారుల జాబితాలు గ్రామసభలో చదివి వినిపించమని అడిగే హక్కు ఊరివారికి ఉన్నది. అడిగేవారు నలుగురుంటే జాబితాలో చేయి పెట్టడానికి ఎవరైనా సందేహిస్తారు.

శ్రీ రామారావు 1996 జనవరి 18న కన్నుమూశారు. ఆయన పాలనలో మెచ్చదగినవీ ఉన్నాయి, మెచ్చరానివీ ఉన్నాయి. కాని ఊరి అధికారం ఏ ఇంటి ఆస్తీ కాదని తెగేసి చెప్పి, ఆ మాట మీద చివరిదాకా నిలబడినందుకు ఆయనను ప్రత్యర్థులు కూడా తలచుకోవలసిందే. తెనాలి తాలూకాలో ఒక సామాన్యుడు దావా వేసి గెలిచిన సూత్రాన్ని ఒక ముఖ్యమంత్రి ఊరూరా అమలు పెట్టారు. ఇక మిగిలిన పని ప్రభుత్వాలది, ప్రజలది. మన కాగితం కోసం ఎవరికీ దండం పెట్టవలసిన అవసరం లేదని ప్రతి రైతూ తెలుసుకున్న నాడే ఆ పని పూర్తవుతుంది.